నిద్రమాత్ర, ఆందోళన మాత్ర: మొదలుపెట్టే రోజు నుంచి ఆపే రోజు దాకా

డాక్టరు చీటీ మీద ‘అల్ప్రాజోలం 0.25 మి.గ్రా., రాత్రి ఒకటి, 10 రోజులు’ అని రాస్తారు. పదకొండో రోజు ఏం చేయాలో అందులో ఉండదు. ఈ మందులతో జనం పడే ఇబ్బందుల్లో చాలావరకు ఆ పదకొండో రోజునే మొదలవుతాయి. పది రాత్రులూ హాయిగా నిద్ర పట్టింది కాబట్టి అదే చీటీ పట్టుకుని మళ్లీ మెడికల్ షాపుకు వెళ్తారు. తెలిసిన షాపు అయితే చీటీ కూడా అడగకుండా ఇంకో స్ట్రిప్ ఇచ్చేస్తారు. అలా నెలలు, ఒక్కోసారి ఏళ్లు గడిచిపోతాయి. అసలు ఇది ఎందుకు వేసుకుంటున్నామని మధ్యలో ఎవరూ ఆగి అడగరు.

ఈ మందులు చెడ్డవని చెప్పడం నా ఉద్దేశం కాదు. ఊపిరాడనంత భయం ముంచుకొచ్చేవారికి, వరుసగా కొన్ని రాత్రులు కన్ను మూతపడనివారికి ఇవి ఇచ్చే ఊరట నిజమైనది, వెంటనే దొరికేది. చిక్కంతా ఎంతకాలం అన్న దగ్గరే. అందుకే మొదటి మాత్ర మింగకముందే ఆఖరి మాత్ర గురించి ఆలోచించేలా ఈ మార్గదర్శిని అమర్చాను. ఇది డాక్టరు చేయాల్సిన పని చేయదు. డాక్టరు గదిలోకి ఏ ప్రశ్నలతో వెళ్లాలో, ఇంటికొచ్చాక ఏం గమనించుకోవాలో చెబుతుంది. ఇప్పటికే నెలల తరబడి వాడుతున్నవారు నేరుగా ఆరో దశకు వెళ్లవచ్చు. ఈ రాత్రి నుంచే మానేస్తానన్న నిర్ణయం మాత్రం, అది చదివేదాకా అయినా, వాయిదా వేయండి.

1. చేతిలో ఉన్నది ఏ మందో తెలుసుకోండి

స్ట్రిప్ మీద పెద్ద అక్షరాల్లో కనిపించేది కంపెనీ పెట్టుకున్న పేరు. దాని కింద చిన్న అక్షరాల్లో ఉండేది అసలు మందు. మీకు కావాల్సింది ఆ చిన్న అక్షరాలే. ఆల్ప్రాక్స్ అన్నా రెస్టిల్ అన్నా లోపల ఉన్నది అల్ప్రాజోలమే. లోనజెప్, రివోట్రిల్ అంటే క్లోనజెపాం. అటివాన్ అంటే లోరజెపాం. వాలియం, కామ్‌పోజ్ అంటే డయాజెపాం. ఇవన్నీ బెంజోడయజెపైన్లు అనే ఒకే కుటుంబం. 1960లో వచ్చిన లిబ్రియం, 1963లో వచ్చిన వాలియం ఈ కుటుంబంలో పెద్దవి. హాఫ్‌మన్-లా రోష్ కంపెనీలో లియో స్టెర్న్‌బాక్ అనే రసాయన శాస్త్రవేత్త వీటిని కనిపెట్టాడు. నిద్ర కోసమే ఇచ్చే జోల్పిడెం రసాయనికంగా వేరే కుటుంబానిది, కానీ మెదడులో పనిచేసే చోటు దాదాపు అదే.

నరాల హడావుడిని తగ్గించే గాబా అనే రసాయనం మన మెదడులోనే ఉంటుంది. ఈ మందులు దాని బలాన్ని పెంచుతాయి. అందుకే భయం తగ్గుతుంది, కండరాలు సడలుతాయి, నిద్ర ముంచుకొస్తుంది. అదే కారణంగా నడక తూలుతుంది, జ్ఞాపకం మసకబారుతుంది, మోతాదు మించితే ఊపిరి నెమ్మదిస్తుంది. భయాన్ని మాత్రమే తగ్గించి మిగతావాటిని ముట్టుకోకుండా ఉండటం వీటికి చేతకాదు.

మన దగ్గర ఇంకో చిక్కు ఉంది. నిద్రమాత్ర వేసుకుంటున్నట్టు తెలియకుండానే వేసుకునేవారు చాలామంది. కడుపునొప్పికి, పేగుల ఇబ్బందికి రాసే లిబ్రాక్స్, నార్మాక్సిన్ లాంటి మాత్రల్లో క్లోర్‌డయజెపాక్సైడ్ ఉంటుంది. అదే పాత లిబ్రియం. ‘గ్యాస్ బిళ్ల’ అనుకుని ఏళ్ల తరబడి వాడి, ఒకరోజు ఆపేసి, చేతులు ఎందుకు వణుకుతున్నాయో అర్థం కానివారు ఉంటారు. ఆందోళనకు రాసే మాత్రల్లో పేరు చివర ‘ప్లస్’ అని ఉంటే కూడా ఆగి చూడండి. ఎస్సిటలోప్రామ్ అనే ఆందోళన మందుతో పాటు క్లోనజెపాం కలిపి ఉండవచ్చు. అలాంటప్పుడు ఒకదాన్ని కొనసాగిస్తూ రెండోదాన్ని తగ్గించడం కుదరదు. విడివిడిగా రాయమని డాక్టరును అడగడం మీ హక్కు.

ఇక కత్తెర సంగతి. షాపులో నాలుగు మాత్రలు అడిగితే స్ట్రిప్‌ను కత్తిరించి ఇస్తారు. ఆ ముక్క మీద సగం పేరు, అర్థం కాని రెండు అంకెలు మిగులుతాయి. గడువు తేదీ, మోతాదు అవతలి ముక్కతో పాటు షాపులోనే ఉండిపోతాయి. 0.25 బదులు 0.5 వచ్చినా ఇంటికొచ్చాక తేల్చుకోలేరు. కౌంటర్ దగ్గరే పూర్తి స్ట్రిప్ చూపించమని అడిగి, ఫోనులో ఫొటో తీసుకోండి. అల్ప్రాజోలం, డయాజెపాం, జోల్పిడెం 2014 మార్చి నుంచి షెడ్యూల్ హెచ్1 అనే కఠిన నియంత్రణ జాబితాలో ఉన్నాయి. స్ట్రిప్ మీద ఎర్ర గీతల గడిలో హెచ్చరిక ఉంటుంది. అమ్మిన ప్రతిసారీ రోగి పేరు, డాక్టరు పేరు, ఎన్ని మాత్రలు ఇచ్చారన్నది షాపువారు రిజిస్టరులో రాసి మూడేళ్లు దాచాలి. క్లోనజెపాం, లోరజెపాం ఆ జాబితాలో లేకపోయినా చీటీ లేకుండా అమ్మకూడనివే. చీటీ అడిగే షాపు మిమ్మల్ని అనుమానిస్తున్నట్టు కాదు. అడగని షాపు గురించే ఆలోచించాలి.

ఒక మందు మీద అంకెను ఇంకో మందు మీద అంకెతో పోల్చకండి. అల్ప్రాజోలం 0.5 మి.గ్రా. దాదాపు డయాజెపాం 10 మి.గ్రా.కు సమానమని లెక్క. ‘పావు మిల్లీగ్రామే కదా’ అనే ధీమాకు ఇక్కడ చోటు లేదు.

2. డాక్టరు ముందు కూర్చున్నప్పుడు

నిద్ర పట్టడం లేదని చెప్పగానే మాత్ర రాసే డాక్టర్లూ ఉన్నారు, మాత్ర రాయలేదని అలిగి వెళ్లిపోయే రోగులూ ఉన్నారు. రెండూ మంచివి కావు. నిద్రలేమి వెనక థైరాయిడ్ ఉండవచ్చు, కుంగుబాటు ఉండవచ్చు, కాళ్లలో నెమ్మది లేని ఇబ్బంది ఉండవచ్చు, రాత్రి పదిన్నరకు తాగే కాఫీ ఉండవచ్చు. గట్టిగా గురక పెట్టి మధ్యలో ఊపిరి ఆగినట్టయ్యేవారికి స్లీప్ ఆప్నియా ఉండే అవకాశం ఉంది. వాళ్లకు మత్తు మాత్ర ఇస్తే ఆ ఆగడం ఇంకా పెరగవచ్చు. గురక సంగతి మీకు తెలియదు, పక్కన పడుకునేవారికి తెలుసు. వీలైతే వాళ్లను వెంట తీసుకెళ్లండి.

దాచకుండా చెప్పాల్సినవి కొన్ని ఉన్నాయి: మద్యం, కల్లు తాగే అలవాటు, నొప్పికి గానీ దగ్గుకు గానీ వాడుతున్న మందులు, కాలేయం, ఊపిరితిత్తుల జబ్బులు, గర్భం, లేదా గర్భం కోసం ప్రయత్నం, గతంలో దేనికైనా అలవాటు పడి ఉండటం, చనిపోవాలన్న ఆలోచన ఎప్పుడైనా రావడం. చివరిది చెప్పడం కష్టమే. కానీ ఇంట్లో ఒకేసారి ఎన్ని మాత్రలు ఉండాలో డాక్టరు నిర్ణయించేది దాన్నిబట్టే.

తర్వాత మీరు అడగాల్సినవి. ఈ మాత్ర నా సమస్యకు వైద్యమా, లేక అసలు వైద్యం పనిచేసేదాకా ఊరటా? ఆందోళన జబ్బుకు సాధారణంగా ముందు రాసేవి ఎస్సిటలోప్రామ్, సెర్ట్రాలిన్ లాంటి మందులు. అవి పూర్తిగా పట్టుకోవడానికి కొన్ని వారాలు పడుతుంది, మొదటి వారంలో గుండెదడను కొంచెం పెంచవచ్చు కూడా. ఆ వారాలు గట్టెక్కడానికి క్లోనజెపాం లాంటిది తోడుగా ఇస్తారు. ఈ సంగతి తెలియనివారు చేసే పని ఒక్కటే: వెంటనే పనిచేసిన మాత్రను ఉంచుకుని, నెమ్మదిగా పనిచేసేదాన్ని ‘ఇది పనిచేయడం లేదు’ అని మానేస్తారు. ఉంచాల్సిందీ మానాల్సిందీ తారుమారవుతాయి.

ఎన్నాళ్లు అన్నది అడగండి. బ్రిటన్‌లో ఈ మందులను 2 నుంచి 4 వారాలకు మించి రాయవద్దని 1988 నుంచీ డాక్టర్లకు సూచన ఉంది. అమెరికాలో 2020లో ఔషధ నియంత్రణ సంస్థ ఈ కుటుంబం మొత్తానికీ అలవాటు, ఆధారపడటం, మానినప్పుడు వచ్చే లక్షణాల గురించి అత్యంత తీవ్రమైన హెచ్చరికను చేర్చింది. ఫిట్స్ లాంటి కొన్ని జబ్బులకు ఎక్కువకాలం అవసరం కావచ్చు, అది వేరే లెక్క. నిద్రకో, ఆందోళనకో అయితే చీటీ మీదే ఆపే తేదీ రాయించుకోండి. రాయకపోతే మీరే పెన్ను తీసి, ‘ఫలానా తేదీకి మళ్లీ చూపించాలి’ అని డాక్టరు ఎదుటే రాసుకోండి. కొంచెం ఇబ్బందిగా ఉంటుంది, ఫర్వాలేదు.

మానసిక వైద్యుడి దగ్గరకు వెళ్లడానికి మన ఇళ్లలో ఇంకా జంకుతారు. అదే మనిషి అదే మాత్రను షాపులో అడిగి తీసుకోవడానికి జంకడు. ఈ లెక్క నాకెప్పుడూ అర్థం కాలేదు. ఊళ్లో సైకియాట్రిస్టు లేకపోతే 14416కు ఫోన్ చేయవచ్చు. అది కేంద్ర ప్రభుత్వం 2022 అక్టోబరు 10న మొదలుపెట్టిన టెలీ మానస్ అనే మానసిక ఆరోగ్య సహాయ నంబరు. డబ్బు కట్టనక్కర్లేదు, తెలుగులో మాట్లాడతారు. హైదరాబాద్ ఎర్రగడ్డలోనూ విశాఖపట్నంలోనూ ప్రభుత్వ మానసిక వైద్యశాలలు ఉన్నాయి.

3. మొదటి రాత్రి, మొదటి వారం

మొదటి మాత్రను మర్నాడు బండి నడపాల్సిన పని లేని రోజు వేసుకోండి. మీ ఒంటికి అది ఎంతసేపు నిలుస్తుందో ముందే ఎవరూ చెప్పలేరు. కాగితం మీద లెక్కలు ఇలా ఉంటాయి: జోల్పిడెం రక్తంలో సగానికి తగ్గడానికి 2 నుంచి 3 గంటలు, అల్ప్రాజోలానికి 11 గంటల అటూ ఇటూ, లోరజెపాంకు 12 గంటల అటూ ఇటూ, క్లోనజెపాంకు 30 నుంచి 40 గంటలు. డయాజెపాం ఒంట్లో మారి తయారయ్యే పదార్థం ఇంకా ఎక్కువ, రోజుల తరబడి ఉంటుంది. అంటే రోజూ క్లోనజెపాం వేసుకునేవారిలో నిన్నటిది పూర్తిగా పోకముందే ఇవాళ్టిది చేరుతుంది. మూడో రోజో నాలుగో రోజో పగలు మబ్బుగా ఉందంటే కారణం ఇదే.

జోల్పిడెం అయితే పక్క మీదకు చేరాకే వేసుకోవాలి, ముందు వేసుకుని గిన్నెలు కడగడం, టీవీ చూడటం కాదు. లేవడానికి కనీసం 7 గంటలు ఉండాలి. పొట్ట నిండా తిన్న వెంటనే వేసుకుంటే ఆలస్యంగా పనిచేస్తుంది. అది చూసి ‘పట్టలేదు’ అనుకుని రెండోది వేసుకుంటారు. ఆడవాళ్ల ఒంట్లోంచి ఈ మందు నెమ్మదిగా పోతుందని గమనించి, 2013లో అమెరికాలో వాళ్లకు మొదలుపెట్టే మోతాదును 10 నుంచి 5 మి.గ్రా.కు తగ్గించారు. నిద్రలోనే లేచి నడవడం, వంట చేయడం, బండి తీయడం, తెల్లారి ఏదీ గుర్తులేకపోవడం కూడా ఈ మందుతో అరుదుగా జరుగుతుంది. ఒక్కసారి అలా జరిగినా అదే రోజు డాక్టరుకు చెప్పండి. ఆ మందు మళ్లీ వేసుకోకూడదు.

రాత్రి రెండు గంటలకు మెలకువ వస్తే రెండో మాత్ర జోలికి పోకండి. ఆ వేళకు గడియారం చూడకపోవడం ఇంకా మంచిది.

పక్క మీద గడిపిన గంటలు, నిద్రపోయిన గంటలు, మాత్ర వేసిన సమయం, పగటి మబ్బు — ఇవన్నీ ఒక చిన్న పుస్తకంలో రోజూ రాయండి. ఐదో దశలో ఇది పనికొస్తుంది.

పరీక్షల ముందు పిల్లలకు ‘టెన్షన్ తగ్గాలని’ ఈ మాత్ర ఇచ్చే తల్లిదండ్రులు ఉన్నారు. కొత్తగా చదివింది గుర్తుండేలా చేసే పనికే ఈ మందు అడ్డుపడుతుంది. రాత్రంతా చదివించి, ఆ చదువు నిలవకుండా చేసే మాత్ర ఇవ్వడమన్నమాట. 65 దాటినవారి విషయంలో ఇంకా జాగ్రత్త కావాలి. వాళ్ల ఒంట్లో మందు ఎక్కువసేపు ఉంటుంది. అర్ధరాత్రి బాత్రూముకు లేచి తూలి పడితే తుంటి ఎముక విరుగుతుంది, ఆ తర్వాత కథ వేరే. అయోమయం, మతిమరుపు పెరిగితే ‘వయసు వల్ల’ అని సరిపెట్టుకుంటారు, మాత్ర వల్లనేమో అని చూడరు. అమ్మమ్మకు నిద్ర పట్టడం లేదని మనవడు తన మాత్రలో సగం ఇవ్వడం ప్రేమే కావచ్చు, ప్రమాదం మాత్రం తగ్గదు. గర్భిణులు గానీ పాలిచ్చే తల్లులు గానీ సొంతంగా కొనసాగించకూడదు, సొంతంగా హఠాత్తుగా ఆపకూడదు. రెండింటికీ డాక్టరు కావాలి.

4. కలపకూడనివి

మద్యం ముందు వరుసలో ఉంటుంది. విడివిడిగా ప్రమాదం లేని మోతాదులు కూడా కలిస్తే ఊపిరిని అణచివేస్తాయి. ‘రాత్రి ఒక పెగ్గేసి, మాత్ర వేసుకుంటే బాగా పడుతుంది’ అనే మాట పెళ్లిళ్లలో, విందుల్లో వినిపిస్తూ ఉంటుంది. అది చెప్పినవారు తెల్లవారి లేచారు కాబట్టి చెప్పగలిగారు. ట్రమడాల్ లాంటి నొప్పి మందులు, కోడీన్ ఉన్న దగ్గు సిరప్‌లు కూడా ఇదే జాబితా. జలుబు మాత్రల్లోని క్లోర్‌ఫెనిరమిన్, కొంతమందిలో సెట్రిజిన్ మత్తును పెంచుతాయి.

పెద్దగా ఎవరూ చెప్పని కలయిక ఒకటుంది. తామర లాంటి ఫంగస్ చర్మ సమస్యలకు ఇప్పుడు ఇట్రాకోనజోల్ క్యాప్సూళ్లు విరివిగా రాస్తున్నారు. అల్ప్రాజోలాన్ని ఒంట్లోంచి తీసేసే ఎంజైమును అది అడ్డుకుంటుంది. అల్ప్రాజోలం రక్తంలో పేరుకుపోతుంది. ఈ రెండూ కలిపి వాడకూడదని మందు కాగితంలోనే ఉంటుంది. చర్మం డాక్టరుకు మీ నిద్రమాత్ర సంగతి తెలియదు, నిద్రమాత్ర రాసినాయనకు మీ తామర సంగతి తెలియదు. ఇద్దరికీ చెప్పాల్సింది మీరే. క్లారిత్రోమైసిన్ అనే యాంటీబయోటిక్ కూడా అలాంటిదే. క్షయకు ఇచ్చే రిఫాంపిసిన్ దీనికి ఉల్టా, నిద్రమాత్ర ప్రభావాన్ని తగ్గించేస్తుంది.

5. మాత్ర ఊరట ఇస్తున్న రోజుల్లోనే నిద్రను దారిలో పెట్టండి

ఈ దశను దాటేసేవారే ఎక్కువ. మాత్ర ఉన్నంతకాలం సమస్య లేదు కాబట్టి ఇంకేదీ చేయాలనిపించదు. నా అభిప్రాయంలో ఈ మార్గదర్శిలో అన్నిటికంటే ముఖ్యమైనది ఇదే. దీర్ఘకాలిక నిద్రలేమికి మందు కంటే ముందు నిద్రకు సంబంధించిన ప్రవర్తనా చికిత్స ఇవ్వాలని అమెరికా ఫిజీషియన్ల కాలేజీ 2016లో సూచించింది. అది చేయించే నిపుణులు మన జిల్లాల్లో తక్కువే, కానీ దాని చట్రం సులువైనదే.

మీ పుస్తకం తీసి వారం లెక్క చూడండి. రోజూ పక్క మీద 8 గంటలు ఉండి 5 గంటలే నిద్రపోయారనుకుందాం. అంటే పక్క మీది సమయంలో 62.5 శాతమే నిద్ర. మిగతా 3 గంటలు దొర్లుతూ, ఫోను చూస్తూ, పాత గొడవలు తవ్వుకుంటూ గడిపారు. పక్క అంటే మెలకువగా ఉండే చోటు అని మెదడు నేర్చుకుంది. దాన్ని మరిపించాలి. లేచే సమయం ఒకటి ఖాయం చేసుకోండి, ఉదయం 5:30 అనుకుందాం. ఆదివారం కూడా అదే. నిద్రపోయిన 5 గంటలకు అరగంట కలిపి, అక్కడి నుంచి వెనక్కి ఐదున్నర గంటలు లెక్కిస్తే రాత్రి 12. అప్పటిదాకా పక్క ఎక్కవద్దు. 12కు పడుకుని, దాదాపు 20 నిమిషాల్లో నిద్ర రాకపోతే లేచి ఇంకో గదిలోకి వెళ్లి మసక వెలుతురులో ఏదైనా విసుగు పుట్టించే పని చేయండి. కళ్లు బరువెక్కాకే రండి. వారం తర్వాత పక్క మీద గడిపిన సమయంలో 85 శాతానికి పైగా నిద్రలో గడిస్తే, 15 నిమిషాలు త్వరగా, అంటే 11:45కు పడుకోండి. మళ్లీ వారం చూడండి.

మొదటి వారం పగలు కళ్లు లాగేస్తాయి. దాన్ని చూసి భయపడి మానేస్తారు. ఆ మత్తే రెండో వారంలో మీకు పనికొచ్చేది. పక్క మీద సమయాన్ని 5 గంటల కంటే తగ్గించకండి. లారీ, బస్సు నడిపేవారు, యంత్రాల మీద పనిచేసేవారు, ఫిట్స్ లేదా బైపోలార్ జబ్బు (ఒకసారి అతి హుషారు, ఒకసారి కుంగుబాటు) ఉన్నవారు దీన్ని సొంతంగా మొదలుపెట్టకూడదు. టీ, కాఫీ మధ్యాహ్నంతో ఆపేయండి. కాఫీలోని కెఫీన్ సగానికి తగ్గడానికే దాదాపు 5 గంటలు పడుతుంది. భోజనం తర్వాత కునుకు తీసే అలవాటు ఉంటే ఈ వారాల్లో దానికి సెలవు.

ఆందోళనకు కూడా ఇలాంటి చికిత్సే ఉంది: తప్పించుకు తిరుగుతున్న పనిని కొంచెం కొంచెంగా ఎదుర్కోవడం. ఇక్కడ ఒక సూక్ష్మం. భయపెట్టే చోటికి వెళ్లే ప్రతిసారీ ముందు మాత్ర వేసుకుని వెళ్తే, గెలిచింది మాత్రే అని మనసు రాసుకుంటుంది. జేబులో మాత్ర లేకుండా వీధి మలుపు దాటలేనివారిని చూస్తే ఇది అర్థమవుతుంది. కౌన్సెలింగ్ మొదలుపెట్టాక ఏ రోజుల్లో మాత్ర లేకుండా వెళ్లాలో ముందే మాట్లాడుకోండి.

6. ఆపడం

రెండు వారాల లోపు, చిన్న మోతాదులో వాడితే డాక్టరు చెప్పినట్టు ఆపడం చాలామందికి పెద్ద పని కాదు. ఒకటి రెండు రాత్రులు నిద్ర చెదరవచ్చు. దాన్ని జబ్బు తిరగబెట్టడం అనుకుని మళ్లీ మొదలుపెట్టకపోతే చాలు.

నెల దాటి రోజూ వాడినవారు ఒక్కసారిగా ఆపకూడదు. మెదడు ఆ మందు ఉందన్న లెక్కతో తన సర్దుబాట్లు చేసుకుని ఉంటుంది. మందు హఠాత్తుగా లేకపోతే వణుకు, చెమటలు, గుండెదడ, వెలుతురు శబ్దం భరించలేకపోవడం, నిద్ర అసలు లేకపోవడం, తీవ్రమైతే ఫిట్స్, మతి తప్పడం వస్తాయి. అల్ప్రాజోలం, లోరజెపాంలకు ఇది ఒకటి రెండు రోజుల్లోనే మొదలవుతుంది. డయాజెపాం, క్లోనజెపాంలకు కొన్ని రోజులు ఆలస్యం కావచ్చు. ‘మూడు రోజులైంది, ఏమీ కాలేదు’ అని నిశ్చింతగా ఉన్నవారికి ఆరో రోజు వస్తుంది.

ఇది ఎలా ఉంటుందో తెలంగాణకు పెద్ద ఎత్తున తెలుసు. కల్తీ కల్లులో అల్ప్రాజోలం, డయాజెపాం, క్లోరల్ హైడ్రేట్ కలిపి అమ్మడం అక్కడ పాత జాడ్యం. 2020 లాక్‌డౌన్‌లో మద్యం, కల్లు దుకాణాలు ఒక్కసారిగా మూతపడితే చేతులు వణుకుతూ, పొంతన లేకుండా మాట్లాడుతూ, ఫిట్స్‌తో ఎర్రగడ్డ ఆస్పత్రికి జనం పోటెత్తారు. వాళ్లలో చాలామందికి తాము తాగింది మందు బిళ్ల అని తెలియదు. చీటీ మీద కొన్నదైనా సీసాలో కలిపిందైనా ఒంటికి తేడా లేదు.

తగ్గించే లెక్క డాక్టరుతో కలిసి వేయాలి. అమెరికాలో అడిక్షన్ వైద్యుల సంఘం, ఇతర వైద్య సంఘాలు కలిసి 2025లో ఇచ్చిన మార్గదర్శకం ప్రకారం 2 నుంచి 4 వారాలకు ఒకసారి 5 నుంచి 10 శాతం తగ్గింపుతో మొదలుపెట్టవచ్చు, ఎప్పుడూ 2 వారాల్లో 25 శాతానికి మించకూడదు. దీన్ని మాత్ర మీద పెట్టి చూడండి. రోజూ క్లోనజెపాం 0.5 వేసుకునే మనిషి మాత్రను సగం చేస్తే అది 50 శాతం తగ్గింపు. ‘సగం మాత్రకు వచ్చాను, ఇక మానేస్తాను’ అనేది అందరూ చేసేదే, చాలామంది మళ్లీ మొదటికి వచ్చేదీ అక్కడే. 0.25 మాత్ర ఒకటి, ఇంకో 0.25లో సగం కలిపితే 0.375 అవుతుంది. అది 25 శాతం తగ్గింపు, అంటే గరిష్ఠ హద్దు. అంతకంటే చిన్న అడుగులు వేయాలంటే వేరే దారి కావాలి. అందుకే కొందరు డాక్టర్లు నెమ్మదిగా పోయే డయాజెపాంకు మార్చి, 2 మి.గ్రా. మాత్రలతో తగ్గిస్తారు. ఎస్.ఆర్. అని రాసి ఉన్న మాత్రలు నెమ్మదిగా కరిగేలా చేసినవి, వాటిని విరిచి లెక్కలు వేయకండి.

మొదటి తగ్గింపుల కంటే చివరివి కష్టం. 2 నుంచి 1కి రావడం కంటే 0.25 నుంచి సున్నాకు రావడం చాలామందిని ఎక్కువ ఇబ్బంది పెడుతుంది. ఒక మెట్టు దగ్గర ఆగిపోవాల్సి వస్తే ఆగండి, ఇంకో రెండు వారాలు అక్కడే ఉండండి. వెనక్కి వెళ్లకుండా ఉంటే చాలు. కూతురి పెళ్లి, ఇల్లు మారడం, ఆఫీసులో ఆడిట్ లాంటివి దగ్గర్లో ఉంటే ఆ నెలలో కొత్త తగ్గింపు పెట్టుకోకండి. ‘ఈ పండగ అయ్యాక’ అని మూడు పండగలు దాటించకండి కూడా.

ఏళ్ల తరబడి వాడినవారికి ఇది నెలల పని, ఒక్కోసారి ఏడాది దాటుతుంది. గతంలో ఫిట్స్ వచ్చినవారు, ఎక్కువ మోతాదు వాడేవారు, మద్యం కూడా తాగేవారు ఇంటి దగ్గర ప్రయత్నించకుండా ఆస్పత్రిలో చేరి మానడమే మేలు.

7. ప్రయాణాలు

ఇది చిన్న విషయంలా కనిపిస్తుంది. దుబాయ్, అబుదాబి వెళ్లేవారికి మాత్రం కాదు. అక్కడ ఈ మందులు నియంత్రిత జాబితాలో ఉన్నాయి. తీసుకెళ్లాలంటే డాక్టరు చీటీ ఉండాలి, ముందుగా ఆ దేశ ఆరోగ్య శాఖ నుంచి ఆన్‌లైన్‌లో అనుమతి తీసుకోవాలి. తోటి ప్రయాణికుడు ‘మా బంధువుకు ఇవ్వండి’ అని ఇచ్చిన మందుల పొట్లం విప్పి చూడకుండా సంచిలో వేసుకోకండి. అమెరికాలో పిల్లల దగ్గరకు ఆరు నెలలకు వెళ్లే తల్లిదండ్రులు అసలు మందు పేరు, మోతాదు ఇంగ్లీషులో టైపు చేసిన చీటీ, కత్తిరించని స్ట్రిప్‌లు పెట్టుకోవాలి. అక్కడ మాత్రలు అయిపోతే కొత్త డాక్టరు వెంటనే రాస్తారన్న నమ్మకం లేదు. అది హఠాత్తుగా ఆపేసినట్టే అవుతుంది. విమానం నిద్ర కోసం ఈ మాత్రను మొదటిసారి ప్రయత్నించే చోటు కాదు. గంటల తరబడి కదలకుండా పడి ఉంటే కాళ్లలో రక్తం గడ్డకట్టే ప్రమాదం పెరుగుతుంది.

8. ఇంట్లో మాత్రలు, అత్యవసర పరిస్థితి

పిలిచినా పలకకపోవడం, ఊపిరి చాలా నెమ్మదిగా లేదా ఆగి ఆగి రావడం, పెదవులు నీలంగా మారడం కనిపిస్తే 108కు ఫోన్ చేయండి. మనిషిని పక్కకు తిప్పి పడుకోబెట్టండి. ఉప్పునీళ్లు తాగించడం, వాంతి చేయించడం, మొహాన నీళ్లు కొట్టి కాఫీ పోయడం వద్దు. ఖాళీ స్ట్రిప్‌లు, పక్కన దొరికిన సీసాలు అన్నీ సంచిలో వేసి ఆస్పత్రికి తీసుకెళ్లండి. మానే క్రమంలో ఫిట్స్ వచ్చినా, లేనివి కనిపిస్తున్నాయన్నా అదే పని. చనిపోవాలన్న ఆలోచన వస్తుంటే 14416కు ఏ వేళలోనైనా ఫోన్ చేయవచ్చు.

మాత్రలను ఫ్రిజ్ మీద గానీ దేవుడి గూట్లో గానీ పెట్టకండి. తాళం వేసే అలమరలో ఉంచండి. ఇంట్లో ఎవరైనా కుంగిపోయి ఉంటే తాళం చెవి ఇంకొకరి దగ్గర ఉండాలి, వారానికి సరిపడా మాత్రమే తెచ్చుకోవాలి. మానేశాక మిగిలినవాటిని ‘అవసరానికి ఉంటాయి’ అని దాచకండి, పొరుగింటావిడకు ఇవ్వకండి. స్ట్రిప్‌లోంచి తీసి, వాడేసిన టీపొడిలోనో మట్టిలోనో కలిపి, సంచిలో గట్టిగా కట్టి చెత్తలో వేయండి. పాత చీటీని మాత్రం చించకుండా, మానేసిన తేదీ దాని మీద రాసి ఫైలులో పెట్టుకోండి. ఇంకో డాక్టరు ఎప్పుడైనా ‘ఇంతకుముందు ఏం వాడారు’ అని అడిగితే చూపించడానికి అది కావాలి.